మా ఊరి శనివారం పేపరు

పోయిన వారం గూడూరు నుంచి వాట్సాప్‌లో ఒక ఫోటో వచ్చింది. మా ఫోర్‌మన్ మామ చనిపోయాడని వీధి మలుపులో ఫ్లెక్సీ కట్టారు. చుట్టూ పూలు, రెండు పావురాలు, కింద ఓ నలుగురు లీడర్ల ఫోటోలు, పైన మూరెడేసి అక్షరాలతో 'శ్రద్దాంజలి' అని. ద కింద ద ఒత్తే వేశారు, ధ ఒత్తు వేయలా. ఆయన బతికుంటే ఆ ఫ్లెక్సీ కట్టినోడిని కరెంటు స్తంభం కిందే నిలబెట్టి తిట్టుండేవాడు. నాకు నవ్వాగలేదు, చావు కబురుకి నవ్వుతావేందయ్యా అని మా ఆవిడ కేకలేసింది. ఆమెకి ఏం చెప్పాలి, మా ప్రెస్సులో అచ్చు అక్షరాలుంచే గడుల పెట్టె, అదే కేసు, అందులో ఎప్పుడూ కరువుండేది ఆ ధ ఒత్తుకే అని చెప్తే అర్థమవుతుందా.

ఆయన పనిచేసింది మా ఊరి వారపత్రికలో. దాని పేరు రాయను, ఆ కుటుంబం వాళ్లు ఇప్పుడు వేరే వ్యాపారాల్లో ఉన్నారు, మళ్లీ పాత గొడవలు తవ్వినట్టు ఉంటుంది. అయినా ఊళ్లో దాన్ని అసలు పేరుతో పిలిచినోడు నాకైతే గుర్తులేదు. శనివారం పేపరు అనేవాళ్లు, అంతే.

నెల్లూరు జిల్లాలో వారపత్రిక అంటే ఎవరికైనా ముందు గుర్తొచ్చేది జమీన్ రైతు. 1930 ప్రాంతంలో నెల్లూరు వెంకట్రామానాయుడు గారు పెట్టిన పేపరు అది. వెంకటగిరి జమీందారీ కింద నలిగిపోతున్న రైతుల తరఫున కొట్లాడటానికి పుట్టింది. 1948లో మద్రాసు ఎస్టేట్ల రద్దు చట్టం వచ్చి జమీందారీలు పోయినా పేపరు మాత్రం ఆగలేదు, జమీందార్లు పోతే ఎమ్మెల్యేలూ కాంట్రాక్టర్లూ దొరికారు దానికి. మా నాయనకి అది చదవందే వారం గడిచినట్టు ఉండేది కాదు. జిల్లాలో ఏ ఊళ్లో ఎవరు ఎవరి మీద పళ్లు నూరుతున్నారో అందులో చూస్తే తెలిసిపోయేది. దాన్ని చూసే మా చుట్టుపక్కల ప్రెస్సున్న ప్రతోడికీ తనూ ఒక పేపరు పెట్టాలని దురద పుట్టింది. కొన్ని రెండు సంచికలతో పోయాయి, కొన్ని ఎలక్షన్లప్పుడు లేచి ఎలక్షన్లయ్యాక పడుకునేవి. మాది మాత్రం నిలబడింది.

దాని ఎడిటరు అంతకుముందు బడిపంతులు. అందుకే ఆయన్ని ఊరంతా అయ్యోరు అనే పిలిచేది. ఎడిటరు ఆయనే, ఓనరు ఆయనే, విలేఖరీ ఆయనే, సైకిలేసుకుని చందాలు వసూలు చేసేదీ ఆయనే. జీతాలు ఆలస్యమైన నెల్లో మాత్రం అందర్నీ కూర్చోబెట్టి తెలంగాణ కథ ఎత్తుకునేవాడు. 1922లో ఓరుగల్లు వైపు ఇనుగుర్తి అనే పల్లెటూళ్లో ఒద్దిరాజు సోదరులు ప్రెస్సు పెట్టి 'తెనుగు' పత్రిక తీశారు, అదే సంవత్సరం నల్లగొండలో షబ్నవీసు వెంకటరామ నరసింహారావు గారు 'నీలగిరి' పత్రిక పెట్టారు, సర్కారంతా ఉర్దూలో నడిచే నిజాం రాజ్యంలో, ఒక పల్లెటూళ్లో వాళ్లు చేయగా లేంది, రైల్వే జంక్షను పెట్టుకుని గూడూరులో మనం చేయలేమా అని. మొదట్లో రోమాలు నిక్కబొడుచుకునేవి. తర్వాత తర్వాత అయ్యోరు 'ఇనుగుర్తి' అనగానే ఫోర్‌మన్ మామ "ఈ నెల కూడా లేదంటావా అయ్యోరా" అనేవాడు.

నన్ను ఆ ప్రెస్సులో దింపింది మా నాయనే. వేసవి సెలవుల్లో నిమ్మతోటల్లో పడి తిరుగుతున్నానని, కనీసం నాలుగు అక్షరాలు చూస్తాడులే అని తీసుకెళ్లి అప్పజెప్పాడు. స్టేషన్ నుంచి బజారుకి పోయే దారిలో పాత పెంకుటిల్లు, ముందు గదిలో అయ్యోరి బల్ల, వెనక పొడుగాటి వసారాలో కేసులు, మూలన ట్రెడిల్ అనే అచ్చు మిషను. లోపలికి అడుగు పెట్టగానే కిరసనాయిలు, ఇంకు, తడిసిన కాగితం అన్నీ కలిసిన వాసన వచ్చేది. ఇంటికి పోయి స్నానం చేసినా మా అమ్మ కనిపెట్టేసేది.

మొదట నాకిచ్చిన పని డిస్ట్రిబ్యూషన్. అంటే అచ్చయిపోయిన పేజీకి కట్టిన దారం విప్పి, కిరసనాయిలుతో తుడిచి, ఏ అక్షరం ఆ గడిలో వేయడం. ఇంగ్లీషోళ్లకి పాతిక పైన ఒకటి, హాయి. మనకి అలా కాదు, తలకట్టుతో ఒకటి, గుడితో ఒకటి, కొమ్ముతో ఒకటి, మళ్లీ ఒత్తులు వేరే, కేసు నిండా వందల గడులు. అక్షరం తలకిందులుగా ఉంటుంది, అద్దంలో చూసినట్టు తిరగబడి ఉంటుంది, ప కి ష కి తేడా వేలికి తెలియాలి కానీ కంటికి కాదు అనేవాడు మామ. తప్పు గడిలో వేస్తే రేపు అక్షరాలు పేర్చి కంపోజ్ చేసేవాడు చూడకుండా తీసి పెడతాడు, మునసబు కోర్టు మునషబు కోర్టవుతుంది. సీసం ఒంట్లోకి పోతుందని రోజూ సాయంత్రం తలా ఒక అరటిపండు తినాల్సిందే, ఆ డబ్బులు మాత్రం మామ సొంత జేబులోంచి ఇచ్చేవాడు.

ఆయన కంపోజింగ్ చూడటం ఒక వేడుక. ఎడమచేతిలో లైను పేర్చుకునే స్టిక్కు, కుడిచెయ్యి కేసు మీద, చూపు మాత్రం అయ్యోరి రాతప్రతి మీద. టిక్ టిక్ టిక్ అని సీసం ముక్కలు స్టిక్కులో పడే శబ్దం, మధ్యమధ్యలో ఆగిందంటే అయ్యోరి దస్తూరీ అర్థం కాలేదని లెక్క. లైను చివర పదం పట్టకపోతే మాటల మధ్య మందం స్పేసు తీసి, సన్న స్పేసు పెట్టి, మళ్లీ తీసి ఇలా కుస్తీ పట్టడు, నేరుగా ముందు గదిలోకి కేకేస్తాడు, "అయ్యోరా, 'నిర్లక్ష్యం' పట్టదు, 'అలక్ష్యం' చేస్తా". అయ్యోరు "చెయ్యి" అంటాడు. చాలాసార్లు మా పేపరు భాషని నిర్ణయించింది వ్యాకరణం కాదు, గడుల్లో మిగిలిన అక్షరాలు. 1982లో తెలుగుదేశం పుట్టింది, 83 జనవరి ఎలక్షన్లకి ప్రతి పేజీలో అదే మాట, 'దే' లు అయిపోయాయి. 'ఓ' లు అంతకు ముందే అయిపోయాయి. 'ఓటర్లు' అని రాసిన చోటల్లా 'ప్రజలు' అని మార్చి, దేశం పార్టీని 'రామారావు గారి పార్టీ' అని వేసి ఒక వారం గడిపాం. ఇది చూసి అవతలి పార్టీవాళ్లు మీరు ఆయనకి భజన చేస్తున్నారని కొట్లాటకి వచ్చారు. టైపు మద్రాసు నుంచి వచ్చేదాకా ఆ గొడవ నడిచింది.

పేపరంతా కలిపి నాలుగు పేజీలే. మొదటి పేజీలో అయ్యోరి సంపాదకీయం, మునిసిపాలిటీ, కాలవల పూడిక, ఎవరో ఆఫీసరు బదిలీ. రెండో పేజీ మొత్తం కోర్టు నోటీసులు. ప్రతివాదికి సమను అందకపోతే స్థానిక పత్రికలో ప్రకటన వేయించమని కోర్టు ఆర్డరిచ్చేది, మాకు బియ్యం కొనిపెట్టింది ఆ నోటీసులే. 'పై నెంబరు దావాలో ప్రతివాదికి తెలియజేయడమేమనగా, ...... తేదీన ఉదయం 10-30 గంటలకు మీరు స్వయముగా గానీ వకీలు ద్వారా గానీ హాజరు కానియెడల ఏకపక్షముగా తీర్మానించబడును'. ఈ రోజుకీ నిద్రలో లేపి అడిగినా అప్పజెప్తాను. ఆ మొదటి నాలుగు లైన్లు మామ విప్పేవాడే కాదు, కట్టి అలాగే పక్కన పెట్టుకునేవాడు, పేర్లూ నెంబర్లూ మారిస్తే సరి.

మూడో పేజీ నిమ్మకాయలది. గూడూరు నిమ్మ మార్కెట్ సంగతి తెలిసిన వాళ్లకి చెప్పక్కర్లేదు, ఇక్కడ్నించి ఢిల్లీ దాకా లారీలు పోతాయి. పొద్దున్నే ఒక కుర్రోడు మార్కెట్‌కి పోయి ఏ రోజు బస్తా ఎంత పలికిందో సిగరెట్ పెట్టె అట్ట మీద రాసుకొచ్చేవాడు, వారం మొత్తం ధరలు ఒక పట్టీగా వేసేవాళ్లం. చూడటానికి చిన్న డబ్బా. కానీ సైదాపురం వైపు రైతులు పేపరు తీయగానే మొదట చూసేది అదే, మధ్యవాళ్లు చెప్పే రేటుకీ అక్కడ పలికిన రేటుకీ తేడా పట్టుకునేది దాంతోనే. అందుకే ఆ డబ్బా అంటే కొంతమందికి మంట. ధరలు వేయడం ఆపితే ఏడాది పొడుగునా ప్రకటన ఇస్తామని ఒకాయన వచ్చి కూర్చున్నాడు. అయ్యోరు ఏమన్నాడో లోపలికి వినపడలేదు కానీ ఆ శనివారం ధరల పట్టీ రెట్టింపు సైజు టైపులో వచ్చింది.

ఇది చెప్తే ఆయన ఏదో వీరుడనుకుంటారేమో, అదీ పూర్తి నిజం కాదు. మా వైపు మైకా గనులుండేవి, సైదాపురం, కలిచేడు ప్రాంతాల్లో. ఆడవాళ్లు వరసగా కూర్చుని చిన్న కత్తులతో ఆ అబ్రకాన్ని రేకులు రేకులుగా చీల్చేవాళ్లు, సాయంత్రం ఇంటికి పోయేటప్పుడు వాళ్ల చేతులూ రవికెలూ తళతళ మెరుస్తా ఉండేవి. పండగ సంచికల్లో పెద్ద ప్రకటనలన్నీ గనుల ఆసాములవే. గనిలో మట్టిపెళ్ల విరిగి మనిషి పోయిన వార్త మాత్రం నాలుగో పేజీలో సినిమా ప్రకటన కింద నాలుగు లైన్లొచ్చేది, గని ఎవరిదో ఉండదు. ఒకసారి మామ ఆ నాలుగు లైన్లు కంపోజ్ చేసి, ఏమీ అనకుండా చుట్టూ నల్ల గీతలు పడే రూళ్లు కట్టి పెట్టాడు. అయ్యోరు ప్రూఫు చూసి చాలాసేపు కూర్చున్నాడు. రూళ్లు తీయమనలేదు. వచ్చే ఉగాది సంచికకి ఒక ప్రకటన తగ్గింది.

ఎమర్జెన్సీ రోజులు నాకు లీలగానే గుర్తు. జిల్లా ఆఫీసు నుంచి వచ్చే కాగితాలు, అయ్యోరు గొంతు తగ్గించి మాట్లాడటం. ఆ రోజుల్లో ఆయన సంపాదకీయాలన్నీ నిమ్మచెట్ల తెగుళ్ల మీదే రాశాడు. వేరు కుళ్లు, ఎండు తెగులు, పైకి పచ్చగా కనపడుతుంది కానీ లోపల కొమ్మ ఎండిపోతుంది, మందు కొట్టేవాడు ఎవరినీ అడగనివ్వడు, ఇలా. చదివేవాళ్లకి తెలుసు ఏం తెగులో. ఒక అమాయకుడు రైతు మాత్రం నిజంగానే ఎండిపోయిన కొమ్మ పట్టుకుని ప్రెస్సుకొచ్చాడు మందు చెప్పమని.

శుక్రవారం రాత్రి అచ్చు. పేరుకి ట్రెడిల్ కాబట్టి కాలితో తొక్కేదే, తర్వాత మోటారు బిగించారు కానీ కరెంటు మీద నమ్మకం తక్కువ. నాలుగు పేజీలంటే ఒక్కో కాపీకి నాలుగుసార్లు నోరు తెరిచి మూయాలి అది. కుడిచేత్తో కాగితం పెట్టి ఎడమచేత్తో అచ్చయింది లాగేయాలి, లయ తప్పితే వేళ్లు పోతాయి. మా ట్రెడిల్ ఆయనకి ఎడమచెయ్యి చూపుడువేలి చివర లేదు, దాన్ని చూపించే మమ్మల్ని భయపెట్టేవాడు. రోహిణి కార్తెలో ఇంకో బాధ, ఇంకు పూసే రోలర్లు జిగురు, బెల్లం పాకం కలిపి పోత పోసినవి కదా, ఆ ఎండలకి మెత్తబడి కారిపోయేవి. తడిగోనె చుట్టి కుండల పక్కన పెట్టేవాళ్లం. చీమలు పట్టేవి, ఈ సంగతి చెప్తే మా పిల్లలు నమ్మరు. తెల్లారేసరికి మడతలు, మైదా బంక, రేపర్లు, చందాదారుల పేర్లు. ఊళ్లో కాపీలు సైకిళ్ల మీద, పల్లెలవి పోస్టాఫీసుకి. రిజిస్టరు నెంబరున్న పేపరు కాబట్టి తపాలా ఖర్చు పైసల్లో ఉండేది, అది లేకపోతే ఇలాంటి పేపర్లు ఒక్కటీ బతికేవి కావు.

ప్రతి ఏడాదీ మార్చి మొదటి సంచికలో ఫారం 4 అని ఒక ప్రకటన వేయాలి, ఓనరు ఎవరు, ప్రింటరు ఎవరు, ఎడిటరు ఎవరు, ఏ దేశస్తుడు అని చట్టం. ఐదు చోట్లా అయ్యోరి పేరే. ఆరో చోట కూడా ఖాళీ ఉంటే బాగుండేది, 'చందా బాకీలు మోసేవాడు' అని వేసుకునేవాడిని అనేవాడాయన.

84 నవంబరు తుఫాను శ్రీహరికోట దగ్గర తీరం దాటింది. రాత్రంతా గాలి కాదు అది, ఊరి మీద ఎవరో రైలు నడిపినట్టు చప్పుడు. తెల్లారి చూస్తే చెట్లు లేవు, స్తంభాలు వంగిపోయాయి, రైళ్లు నిలిచిపోయాయి, కరెంటు ఎప్పుడొస్తుందో దేవుడికే తెలియాలి. ప్రెస్సు పైకప్పు పెంకులు సగం పోయాయి, కింది వరసలో పెట్టిన పాత ఫైళ్లు నీళ్లల్లో నానిపోయాయి. విజయవాడ నుంచి రావాల్సిన పేపర్లు రాలేదు. రేడియోలో నెల్లూరు జిల్లా అన్న మాట తప్ప మా ఊరి పేరు లేదు. అయ్యోరు మోకాళ్ల లోతు నీళ్లలో నడుచుకుంటూ వచ్చాడు, "తీద్దామా" అన్నాడు. మామ అప్పటికే కేసుల మీద నీళ్లు తుడుస్తున్నాడు.

మోటారు బెల్టు తీసేసి మళ్లీ కాలితోనే తొక్కాం, వంతులేసుకుని. రెండు లాంతర్లు, ఒకటి కేసు దగ్గర, ఒకటి ట్రెడిల్ దగ్గర. పొడి కాగితం దొరికింది కొంచెమే, అది కూడా పెళ్లిపత్రికలకి తెచ్చిన గులాబీ రంగు కాగితం. ఒక్క షీటు, ఒక వైపే అచ్చు. ఏ పల్లెకి దారి తెగింది, ఏ బళ్లో అన్నం వండుతున్నారు, ఏ చెరువు కట్ట ప్రమాదంలో ఉంది, ఆసుపత్రిలో ఎవరెవరున్నారు, అంతే, సంపాదకీయం లేదు, ప్రకటన లేదు. శనివారం దాకా ఆగలేదు కూడా. గులాబీ కాగితం మీద చావు వార్తలు వేసిన పేపరు ఇంకోటి ఉందో లేదో. డబ్బులు తీసుకోలేదు. బస్టాండులో గోడకి అంటించిన కాపీ ముందు చదువురాని వాళ్లు నిలబడి చదివిపెట్టమని అడుగుతుంటే, నేను గంటలు గంటలు గట్టిగా చదివాను, గొంతు పోయింది.

1989లో ఈనాడు జిల్లా పేపరు మొదలుపెట్టింది, రోజూ మెయిన్ పేపర్లో పెట్టి ఇచ్చే చిన్న సైజు పేపరు. మొదట మా అయ్యోరు నవ్వాడు, అన్ని పేజీలకి నెల్లూరు వార్తలు ఎక్కడ సరిపోతాయి అని. కొన్నాళ్లకి అర్థమైంది, మా మూడో పేజీ మొత్తం ప్రతి పొద్దునా పాలపాకెట్టుతో పాటు గుమ్మంలో పడుతోందని, అది కూడా ఫోటోలతో. మేము ఫోటో అచ్చేయడానికి ఒక జింకు బ్లాకు చేయించాలంటే మద్రాసు పంపాలి, అందుకే మా పేపర్లో కలెక్టరు ఎవరు మారినా చాలాకాలం పాత కలెక్టరు బ్లాకే వచ్చేది. మాకు వార్తలు రాసే కుర్రోడు వాళ్లకి విలేఖరిగా పోయాడు, పోతూ అయ్యోరి కాళ్లకి దండం పెట్టాడు, ఆయన జేబులోంచి పెన్ను తీసిచ్చాడు. పెళ్లి శుభాకాంక్షలు, లీడర్ల పుట్టినరోజులు, తర్వాత కోర్టు నోటీసులు, ఒక్కొక్కటే అటెళ్లిపోయాయి.

నేను అప్పటికే ఉద్యోగం వచ్చి ఊరు దాటాను, సెలవుల్లో వచ్చినప్పుడు చూసినవే ఇవన్నీ. 92లో మా జిల్లా దూబగుంట ఆడవాళ్లు సారా మీద తిరగబడినప్పుడు అయ్యోరికి మళ్లీ ఊపొచ్చింది. వరసగా రాశాడు. అంతకుముందు ఏళ్ల తరబడి సారా పాటదార్ల దీపావళి శుభాకాంక్షలు వేసిన పేపరే అది, ఆ సంగతి ఆయనకే ముందు గుర్తుంది, ఒక సంచికలో తనే రాసుకున్నాడు. 93లో సారా నిషేధం వచ్చింది. పేపరు అప్పటికే రెండు వారాలకోసారి, నెలకోసారి అయింది. ఆగిపోయిందని ఎవరూ ప్రకటించలేదు, ఒక శనివారం రాలేదు, చాలామంది గమనించను కూడా లేదు.

టైపంతా సీసం ధరకి తూకానికి పోయింది. మామ మాత్రం బజార్లో కంప్యూటర్ మీద పేజీలు కట్టే డీటీపీ సెంటర్‌కి ప్రూఫులు దిద్దడానికి కుదురుకున్నాడు. పేజ్‌మేకర్, అను ఫాంట్లు, కీబోర్డు మీద పిల్లోడి వేళ్లు పరిగెడుతుంటే వెనక నిలబడి చూసేవాడు. ఎంత కావాలంటే అన్ని 'దే' లు వస్తున్నాయంట్రా అబ్బయ్యా, అన్నాడు నాతో ఒకసారి, ఆశ్చర్యంగానే, ఏడుపేం కాదు. కానీ ఆ పిల్లోడు ధ ఒత్తుకి ద ఒత్తు కొడితే మాత్రం ఊరుకునేవాడు కాదు, నాకు అది గడిలో లేక పెట్టలేదు, నీకు ఏమొచ్చింది రోగం అని.

ప్రెస్ అకాడమీ వాళ్లు పాత తెలుగు పత్రికలు చాలా స్కాన్ చేసి నెట్‌లో పెట్టారు, మంచి పని. ఒక రాత్రంతా కూర్చుని వెతికాను. మాది దొరకలేదు. దొరకదు కూడా, తాలూకా ఊళ్ల పేపర్లు ఎవరు దాస్తారు. మా ఫైళ్లు తుఫానుకి కొన్ని, చెదలకి కొన్ని పోయాయి, మిగతావి శనక్కాయల పొట్లాలయ్యాయి. అయ్యోరి వాళ్లింట్లో అడిగితే రెండు సంచికలున్నాయి అన్నారు, ఒకదాంట్లో వాళ్లమ్మాయి పెళ్లి ఫోటో ఉందని ఉంచారంట.

గూడూరు, సైదాపురం, చిల్లకూరు, కోట వైపు వాళ్లెవరైనా ఇది చదువుతుంటే మీ ఇళ్లల్లో పాత ట్రంకుపెట్టెల అడుగున ఒకసారి చూడండి, అడుగున పరిచే కాగితాలు తీసి చూడండి. ఏ సంచికైనా సరే, కోర్టు నోటీసులున్నా సరే, నిమ్మకాయల ధరలున్నా సరే, సగం చిరిగినా ఫోటో తీసి పంపండి. గులాబీ రంగు కాగితం దొరికితే మాత్రం ఫోన్ చేయండి, ఎంత రాత్రయినా పర్లేదు.